లెక్క ఎక్కడ కడతారో ముందు చూడండి

అమ్మా, మీరు అడిగింది ముందు నాలుగు ముక్కల్లో రాస్తాను, మిగతావాళ్లకూ తెలియాలి కదా. మీ అబ్బాయి జిల్లా పరిషత్ హైస్కూల్లో ఎనిమిదో తరగతి. కబడ్డీ అంటే ప్రాణం. మీ ఆడపడుచు ఈసారి పంచాయతీలో వార్డు మెంబరుగా నిలబడదామనుకుంటున్నారు. మీకున్నది రెండెకరాల కౌలు, అదీ కాలవ శివారున. "డబ్బున్నవాళ్లతో, పెద్ద కాలేజీల్లో చదివే పిల్లలతో, టౌను జట్లతో మేం ఎలా నెగ్గుకొస్తాం? వాళ్లకేదో కిటుకు తెలుసు, అదేంటో చెప్పండి" అన్నారు.

నేను ముప్పై ఒక్కేళ్లు డ్రిల్లు మాస్టారుగా చేశాను. ఎక్కువకాలం కోనసీమలో, కొన్నాళ్లు నరసాపురం వేపు. డ్రిల్లు మాస్టారికి ఆటలొక్కటే పని కాదు. పరీక్షల్లో ఇన్విజిలేషన్ మాకు పడుతుంది, ఎన్నికలొస్తే పోలింగ్ డ్యూటీ పడుతుంది, రాత్రి లెక్కింపు బల్ల దగ్గరా మేమే కూర్చుంటాం. మీరు అడిగిన మూడు పోటీలనూ అలా దగ్గర్నుంచి చూశాను. ఓడినవాళ్లలో కష్టపడనివాళ్లు చాలా తక్కువ. ఎక్కువమంది తమ కష్టాన్ని లెక్కలోకి రానిచోట పోసి ఓడిపోయారు. ప్రతి పోటీకీ ఒక లెక్క ఉంటుంది. ఏది పాయింటు, ఏది కాదు, ఎవరితో పోల్చి గెలుపంటారు అన్నది. అది ముందే చదివినవాడికి సగం బలం వచ్చినట్టే. డబ్బున్నవాళ్లకు తెలిసిన కిటుకు చాలాసార్లు ఇదే. వాళ్ల ఇంట్లోనో చుట్టాల్లోనో ఆ లెక్క తెలిసినవాడు ఒకడుంటాడు, అంతే.

అందరం ఒకే గీత మీద నుంచి బయల్దేరుతున్నామని మాత్రం నేను చెప్పను. మీది శివారు చేను కాబట్టి మీకు తెలిసిందే. 1852లో కాటన్ దొర ధవళేశ్వరం ఆనకట్ట పూర్తిచేశాక డెల్టా అంతా ఒక్కలా మారలేదు. కాలవ మొదట్లో పొలమున్నవాడికి ముందు నీళ్లు, ముందు ఊడ్పులు, సార్వా (తొలి పంట) తర్వాత దాళ్వా (రెండో పంట). చివరున్నవాడికి వంతు వచ్చేదాకా ఆకాశంకేసి చూడటం. ఎగువవాడి చేతిలో ముందు డబ్బు ఆడింది. వాళ్ల పిల్లలు ముందు రాజమండ్రిలో, 1884లో వచ్చిన కాకినాడ పిఠాపురం రాజా కాలేజీలో చదివారు. వాళ్ల మనవలకు ఇవాళ ఇంట్లోనే సలహా చెప్పేవాళ్లున్నారు. ఆ తేడా నిజం, దాన్ని దాచి "కష్టపడితే చాలు" అనడం మీలాంటివాళ్లకు అన్యాయం. అయితే కాలవ శివారున ఉన్న రైతు కూడా వంతు ఏ రోజో, తూము ఎన్ని గంటలు తీస్తారో తెలిసి నారుమడి సిద్ధం చేసుకుంటే పంట పోగొట్టుకోడు. తెలియనివాడు ఎగువన ఉన్నా పోగొట్టుకుంటాడు.

ముందు కబడ్డీ చెబుతాను, నేను బాగా ఎరిగింది అదే కాబట్టి.

ఒక ఏడు మండల స్థాయి ఫైనల్. మా పిల్లలు ఒక్క పాయింటు ముందున్నారు, ఆఖరి రైడు మాదే. అవతల కోర్టులో ముగ్గురే మిగిలారు. మా వాళ్లందరిలో బలమైనవాడు కూతకు వెళ్లాడు. బాక్ లైన్ (అవతలి కోర్టులో రైడర్ తప్పక దాటాల్సిన గీత) దాటి తిరిగొచ్చేస్తే చాలు, గెలిచాం. వాడు పాయింటు తెద్దామని లోపలికి పోయాడు, పట్టేశారు. కోర్టులో ముగ్గురు, అంతకంటే తక్కువమంది ఉన్నప్పుడు రైడర్‌ని పడితే సూపర్ టాకిల్, ఒకటికి రెండు పాయింట్లు. ఒక్క పాయింటుతో ఓడాం. పిల్లవాడు రాత్రంతా ఏడ్చాడు. తప్పు వాడిది కాదు, నాది. ఏడాదంతా గుంజీలు తీయించాను, పరిగెత్తించాను, ఇసుకలో దూకించాను. ఏ పరిస్థితిలో ఏ రైడు చేయాలో ఒక్కసారి కూడా కూర్చోబెట్టి చెప్పలేదు.

ఆ తర్వాత నా పద్ధతి మారింది. వారానికి ఒక సాయంత్రం ఆట ఉండేది కాదు. నేల మీద సుద్దతో కోర్టు గీసి, గులకరాళ్లు పెట్టి అడిగేవాణ్ణి. అవతల ఆరుగురున్నారు, బోనస్ గీత (దాటితే అదనంగా పాయింటు వచ్చే గీత) పనిచేస్తుందా? (ఆరుగురు, ఆపైన ఉంటేనే పనిచేస్తుంది.) అయిదుగురే ఉంటే ఏం చేస్తావు? నీ వేపు ఇద్దరే మిగిలారు, ఒక్కణ్ణి పట్టుకుంటే ఎంత, ఆలౌట్ అయితే ఎంత పోతుంది? ముప్పై సెకన్ల రైడులో ఇరవై అయ్యాయి, ఇప్పుడేం చేయాలి? పదమూడేళ్ల పిల్లలు నెల తిరిగేసరికి నాకంటే వేగంగా జవాబు చెప్పేవారు. కండబలంలో మా కంటే మెరుగైన జట్లను ఆ పిల్లలు కొట్టారు. మీ అబ్బాయి చేత ఈ పని రేపే మొదలుపెట్టించొచ్చు. రూపాయి ఖర్చు లేదు.

ఇంకోటి. జనం తక్కువున్న దారి వెతకాలి. మన అమలాపురం బ్యాడ్మింటన్ కుర్రాడు సాత్విక్‌సాయిరాజ్ సంగతి చూడండి. 2014లో హైదరాబాదులో గోపీచంద్ అకాడమీకి వెళ్లాడు. ఆ రోజుల్లో దేశమంతా సింగిల్స్ కేసే చూస్తోంది. 2012లో సైనా ఒలింపిక్ కాంస్యం, 2016లో సింధు రజతం. రాకెట్ పట్టిన ప్రతి పిల్లా పిల్లవాడూ అటే. డబుల్స్‌లో మనకు పెద్ద పేరు లేదు. సాత్విక్ డబుల్స్‌లో నిలబడ్డాడు. మలేసియా కోచ్ టాన్ కిమ్ హెర్ అతన్ని చిరాగ్ శెట్టితో కలిపాడు. ఇద్దరూ వెనక నుంచి బలంగా స్మాష్ కొట్టేవాళ్లే, నెట్ దగ్గర ఎవరుండాలి అన్నదే సమస్య. దాన్ని నేర్చుకోవడానికి ఏళ్లు పట్టింది. 2022లో కామన్వెల్త్ స్వర్ణం, 2023లో హాంగ్‌ఝౌ ఏషియన్ గేమ్స్ స్వర్ణం, అదే అక్టోబరులో ప్రపంచ ఒకటో ర్యాంకు. భారత డబుల్స్ జోడీ ఆ ర్యాంకు చూడటం అదే మొదలు. గంటకు 565 కిలోమీటర్ల స్మాష్‌తో గిన్నిస్ రికార్డు కూడా అతనిదే. ఆ కుర్రాడి ప్రతిభ ముందు నేను చేతులు జోడిస్తాను. అయినా అదే ప్రతిభ కిక్కిరిసిన దారిలో ఎంత దూరం వెళ్లేదో ఎవరికి తెలుసు? తండ్రి కూడా వ్యాయామ ఉపాధ్యాయుడు కావడం, ఇంట్లోనే ఆట లెక్క తెలిసినవాడు ఉండటం, అది కూడా చిన్న విషయం కాదు.

పుర్రచేతి వాటం పిల్లలకు క్రికెట్లో, కత్తిసాములో కలిసొచ్చేదీ ఇందుకే. ఎదుటివాడు రోజూ కుడిచేతి వాళ్లతోనే సాధన చేసి ఉంటాడు. మీ మండలంలో రైడర్లందరూ ఒకే వేపు నుంచి దిగుతుంటే, మీ వాడు రెండో వేపు నేర్చుకోవడం మంచిది.

మీ వాడు ఏ నెలలో పుట్టాడు? ఇది ఊరికే అడగడం లేదు. స్కూల్ గేమ్స్‌లో అండర్ 14, 17, 19 అని వయసు విభాగాలు. ఒకే విభాగంలో ఇద్దరి మధ్య ఏడాది, అంతకంటే ఎక్కువ తేడా కూడా ఉండొచ్చు. పదమూడేళ్ల వయసులో పదకొండు నెలలంటే అరచెయ్యి ఎత్తు, అయిదారు కిలోల బరువు. కెనడాలో ఐస్ హాకీ ఆటగాళ్ల పుట్టినరోజులు తీసి 1985లో బార్న్‌స్లీ అనే ఆయన, ఆయన తోటివాళ్లు చూపించారు. జట్లలో ఏడాది మొదటి నెలల్లో పుట్టినవాళ్లే ఎక్కువ. పెద్దగా ఉన్నవాణ్ణి ముందు ఎంపిక చేస్తారు, ఎంపికైనవాడికి మంచి కోచ్ దొరుకుతాడు, దాంతో నిజంగానే మెరుగవుతాడు. మీ వాడు విభాగంలో చిన్నవాడైతే ఈ ఏడు సెలక్షన్లో తీసేసినా బెంగపెట్టుకోవద్దు, రెండేళ్లు ఆగనివ్వండి. ఎవరైనా వచ్చి "సర్టిఫికెట్లో పుట్టినతేదీ మార్పిద్దాం" అంటే మాత్రం గుమ్మంలోంచే పంపేయండి. అలా మార్పించిన పిల్లలను చూశాను. పదహారేళ్లొచ్చేసరికి పట్టుబడ్డారు. ఆట పోయింది, చదువులో పత్రాలూ చిక్కుల్లో పడ్డాయి.

ఇక చదువు. ఇక్కడ మీకు తెలియకుండానే మీ చేతిలో రెండు మంచి కార్డులున్నాయి.

మొదటిది నేషనల్ మీన్స్ కం మెరిట్ స్కాలర్‌షిప్ పరీక్ష, అందరూ ఎన్‌ఎంఎంఎస్ అంటారు. ఎనిమిదో తరగతిలో ఒక్కసారే రాసే అవకాశం. ప్రభుత్వ, స్థానిక సంస్థల, ఎయిడెడ్ బడుల పిల్లలకే. కుటుంబ ఆదాయం ఏడాదికి 3.5 లక్షలు దాటకూడదు. 180 ప్రశ్నలు. సగం తర్కానికి సంబంధించినవి, సగం పాఠాలవి. నెగ్గితే తొమ్మిదో తరగతి నుంచి ఇంటర్ దాకా ఏడాదికి 12,000 రూపాయలు. ఖరీదైన స్కూళ్ల పిల్లలు ఈ పోటీలో లేనే లేరు చూడండి. తర్కం ప్రశ్నలు మన బడుల్లో ఎవరూ నేర్పరు కాబట్టి పాత పేపర్లు నాలుగైదు గడియారం పెట్టుకుని చేసినవాడు ఇట్టే పైకొస్తాడు.

రెండోది నూజివీడు ట్రిపుల్ ఐటీ. 2008లో పెట్టిన రాజీవ్ గాంధీ వైజ్ఞానిక సాంకేతిక విశ్వవిద్యాలయం. పదో తరగతి మార్కుల మీద సీటు, ఆరేళ్ల చదువు. హాస్టల్ లేని ప్రభుత్వ, జిల్లా పరిషత్, మునిసిపల్ బడుల్లో చదివినవాళ్లకు డిప్రివేషన్ స్కోర్ అని నాలుగు శాతం కలుపుతారు. సీటు కటాఫ్ దగ్గర అర శాతానికే తల్లడిల్లుతుంటే నాలుగు శాతమంటే ఎంతో చూడండి. నేను చూస్తుండగానే ఎంతమందో తల్లిదండ్రులు తొమ్మిదిలో అప్పుచేసి పిల్లణ్ణి ప్రైవేటు బడికి మార్చి, ఆ నాలుగు శాతాన్ని చేజేతులా వదిలేశారు. మీ బడిలో లెక్కలు, సైన్సు మాస్టార్లు సరిగ్గా వస్తుంటే మార్చకండి. ప్రతి ఏడూ నోటిఫికేషన్ మాత్రం స్వయంగా చదవండి, నిబంధనలు మారొచ్చు.

ఇది ఎవరో పెట్టిన భిక్ష అని మీ వాడి ముందు ఎవరైనా అంటే ఒప్పుకోకండి. పి.గన్నవరం అక్విడక్టు చూశారుగా. వైనతేయ అవతల ఉన్న నగరం లంకకు కాలవ నీళ్లు అందే దారి లేకపోతే నది మీదుగా తొట్టి కట్టి నీళ్లు దాటించారు. పాతది కాటన్ కాలంలో కట్టింది, 2000లో పక్కన కొత్తది వచ్చింది, దానికి డొక్కా సీతమ్మ గారి పేరు పెట్టారు. అవతలి రైతు ఆ నీళ్లతో పండించిన వరిని ఎవరూ దయాధర్మం అనలేదు. చెమట అతనిదే.

తర్వాత రాబోయే పరీక్షల లెక్క కూడా ఇప్పుడే తెలుసుకోండి. ఇంజనీరింగ్ ప్రవేశపరీక్ష ఏపీ ఈఏపీసెట్‌లో మూడు గంటల్లో 160 ప్రశ్నలు, తప్పుకు మార్కు కోత లేదు. అయినా ప్రతి ఏడూ ఖాళీలు వదిలేసి వచ్చే పిల్లలున్నారు. నాలుగు ఎంపికలున్న ప్రశ్నలు నలభై వదిలేస్తే, కళ్లు మూసుకుని గుర్తు పెట్టినా సగటున పది మార్కులు వచ్చేవి. అదే జేఈఈ మెయిన్‌లో తప్పుకు ఒక మార్కు పోతుంది, అక్కడ ఆ అలవాటు పనికిరాదు. ఇంజనీరింగ్ ర్యాంకులో ఇంటర్ గ్రూపు మార్కులకు 25 శాతం వెయిటేజీ ఉంది. "ఇంటర్ పాసైతే చాలు, ఎంట్రన్స్ చూసుకుందాం" అనేవాడు పావు వంతు లెక్క వదిలేస్తున్నాడన్నమాట.

చదివే పద్ధతి గురించి ఒక్క మాట. పుస్తకం పదిసార్లు చదవడం కంటే మూసేసి కాగితం మీద రాసి చూసుకోవడం మేలు. రేపు ఒకసారి, నాలుగు రోజులాగి ఒకసారి, రెండు వారాలాగి ఒకసారి. మరుపు మొదట్లో ఎంత వేగంగా వస్తుందో 1885లోనే ఎబ్బింగ్‌హాస్ అనే జర్మన్ పండితుడు తన మీద తానే ప్రయోగం చేసుకుని రాశాడు. మన పల్లెల్లో తాతలు ఎక్కాలు అప్పజెప్పించుకున్నదీ ఇదే పని.

కోచింగ్ గురించి కూడా అడిగారు. కాలవ మీద ఒకడు ఇంజను పెడితే పక్క చేనువాడూ పెడతాడు, ఆ పక్కవాడూ పెడతాడు. కాలవలో నీళ్లు చుక్క పెరగవు, అందరికీ డీజిల్ ఖర్చు మిగులుతుంది. అందరూ కొనే ఆధిక్యం ఆధిక్యం కాదు. సబ్జెక్టులో ఫలానా చోట మా వాడు వెనకబడ్డాడు అని తెలిసి దానికోసం చేర్పిస్తే పనికొస్తుంది. అందరూ చేరుతున్నారని చేర్పిస్తే కాదు. భీమవరం వేపు సంక్రాంతి పందేల్లో కుక్కుట శాస్త్రం చూసి ఏ రోజు ఏ రంగు పుంజు అని ఎంచుతారు కదా, రెండు వేపులవాళ్లూ అదే పుస్తకం చూస్తే ఎవరికి కలిసొస్తుంది? చట్టం నిషేధించిన ఆ హింసను నేనెప్పుడూ సమర్థించలేదు, ఇక్కడ చెప్పింది ఆ ఆలోచన గురించి మాత్రమే.

మీ ఆడపడుచు గారి విషయం. రాజకీయంలో లెక్క మరీ విచిత్రంగా ఉంటుంది, ఎందుకంటే ఓట్లు వేరు, గెలుపు వేరు. ఏ పార్టీ మంచిదన్న చర్చ కాదిది, లెక్క కోసం చెబుతున్నాను. 2009లో ప్రజారాజ్యానికి దాదాపు 16 శాతం ఓట్లు వచ్చాయి. ఉమ్మడి రాష్ట్రంలో 294 స్థానాలుంటే గెలిచింది 18. చిరంజీవి గారు తిరుపతిలో గెలిచి మన పాలకొల్లులో ఓడారు. 2019లో జనసేనకు ఆరు శాతం లోపు ఓట్లు, ఒకే ఒక్క సీటు, అది మన కోనసీమలో రాజోలు. 2024లో పొత్తులో 21 చోట్లే పోటీచేసింది. రాష్ట్రం మొత్తం మీద ఏడు శాతం లోపు ఓట్లు, 21కి 21 సీట్లు. పదహారు శాతానికి పద్దెనిమిది, ఏడు శాతానికి ఇరవై ఒకటి. ఓట్లు రాష్ట్రమంతా పలచగా పరిస్తే ఒక రకం, కొన్ని చోట్ల పోగుచేసి, ఎదుటి ఓటు చీలకుండా పొత్తు కుదుర్చుకుంటే ఇంకో రకం.

వార్డు స్థాయిలోనూ ఇదే. మీ వార్డులో 400 ఓట్లున్నాయనుకోండి. 320 పోలవుతాయి, ముగ్గురు నిలబడ్డారు. 130, 100, 90 పడితే 130 వచ్చినవారు మెంబరు. అంటే ఆవిడకు కావలసింది 400 మంది మెప్పు కాదు, గట్టిగా నిలబడే 130 మంది. ఊరంతా మైకు పెట్టి తిరగడానికి బదులు ఓటర్ల జాబితా ప్రింటు తీసుకుని పెన్సిలుతో కూర్చోమనండి. కువైట్‌లో ఉన్నవారెవరు, హైదరాబాదులో ఉండి పోలింగుకు వచ్చేవారెవరు, చనిపోయినవారి పేర్లెన్ని, పద్దెనిమిది నిండినా పేరెక్కని పిల్లలెవరు. పంచాయతీ జాబితా అసెంబ్లీ జాబితా నుంచే తయారవుతుంది. కొత్త పేరుకు ఫారం 6, సవరణకు ఫారం 8. ఈ పని నోటిఫికేషన్ వచ్చాక చేద్దామంటే ఆలస్యం. మా లెక్కింపు బల్ల దగ్గర నాలుగైదు ఓట్లతో ఓడి కూలబడిపోయినవాళ్లను చూశాను. వాళ్లింట్లోనే ఇద్దరు పిల్లలకు ఓటు లేదు.

చెల్లని ఓట్లూ అంతే. 2021 పంచాయతీ ఎన్నికలు బ్యాలెట్ పత్రాలతోనే జరిగాయి. స్వస్తిక్ ముద్ర రెండు గుర్తుల మధ్య పడి ఎవరికి వేశారో తేలకపోతే ఆ ఓటు పోతుంది. కళ్లు సరిగా ఆనని ముసలమ్మలకు నమూనా కాగితం మీద ముద్ర ఎక్కడ వేయాలో, ఎలా మడవాలో ఓపిగ్గా చూపించినవాళ్లకు ఆ ఓట్లు దక్కుతాయి. ఒక్క ఓటు విలువ మన ప్రాంతం వాళ్లకు వేరే చెప్పాలా? 1999 ఏప్రిల్ 17న వాజ్‌పేయి గారి ప్రభుత్వం 269, 270 తేడాతో పడిపోయిన రోజు స్పీకర్ కుర్చీలో ఉన్నది మన అమలాపురం ఎంపీ బాలయోగి గారే.

డబ్బు పంచేవాళ్ల మీద ఎలా గెలుస్తామని అడిగారు. అది నేరం, మీరు చేయొద్దు. లెక్కగా చూసినా, ఇద్దరూ పంచితే ఇంజన్ల కథే మళ్లీ. పంచని మనిషికి మిగిలే బలం ముందునుంచీ చేసిన పని. పింఛను ఆగిన అమ్మకు గ్రామ సచివాలయంలో అర్జీ రాసిపెట్టడం, డ్రైను పూడిక తీసేదాకా వెంటపడటం. ఇవి పోలింగుకు పది రోజుల ముందు మొదలుపెడితే ఎవరూ నమ్మరు, ఏడాది ముందు మొదలుపెడితే ఎదుటివాడు కొనలేడు. రాత్రిపూట గట్టుకు గండి కొట్టి నీళ్లు మళ్లించుకున్నవాడికి ఆ ఏడు పంట పండుతుందేమో గాని, తర్వాత వంతు పంపకంలో ఎవరూ అతని పక్కన నిలబడరు. పరీక్ష హాల్లో చీటీలు అందించే బడి కూడా అంతే. ఆ బడి పిల్లలను నేను తర్వాత ఇంటర్‌లో చూశాను. మొదటి నెలలోనే నీరుగారిపోయారు.

ఇప్పటికి మీరు నాకు కొన్ని సంగతులు రాయండి. అబ్బాయి పుట్టిన నెల, బరువు, ఏ వేపు నుంచి కూతకు వెళతాడు. ఆవిడ వార్డులో జాబితా ప్రకారం ఓట్లెన్ని, పోయినసారి గెలిచినవారికి ఎన్ని వచ్చాయి. దాన్నిబట్టి మిగతాది చెబుతాను. ఈలోగా ఎన్‌ఎంఎంఎస్‌కు ఆదాయ ధ్రువపత్రం కావాలి. కౌలు రైతులకు అది చేతికి రావడానికి రోజులు పడుతుంది. సోమవారం పొద్దున్నే సచివాలయానికి వెళ్లి అర్జీ పెట్టి, రసీదు తీసుకుని, అటునుంచి అటే హెడ్‌మాస్టారు గారిని కలిసి దరఖాస్తు ఆఖరు తేదీ ఎప్పుడో అడిగి రండి.